సొంత చెరువు మట్టి తోలుతుంటే ట్రాక్టర్ పట్టుకెళ్ళారు, 19 రోజులైంది, ఒక్క కాగితం చేతికివ్వలేదు

కొత్తపేట_కుర్రోడు:

అందరికీ నమస్కారమండి. కాస్త పొడుగు పోస్టు, విసుక్కోకుండా చదవండి.

మాది కోనసీమలో ఏటిగట్టుని ఆనుకున్న ఊరు. పేరు రాయను, ఇక్కడ మా మండలం వాళ్ళు కూడా ఉన్నారని తెలుసు. నాన్నగారి పేరున ఎకరంన్నర చేపల చెరువు ఉంది, జిరాయితీ (సొంత పట్టా) భూమి, పాస్ బుక్ కూడా ఉంది. ఈ వేసవిలో నీళ్ళు తోడేసి, ఎండబెట్టి, అడుగు మట్టి తీయించాం. మా చిన్నాన్న ఇల్లు కట్టుకునే స్థలం బాగా పల్లం, వానొస్తే మోకాలి లోతు నిలిచిపోతుంది, ఎలాగూ మట్టి తీస్తున్నాం కదా అని అక్కడికి మెరక తోలడం మొదలుపెట్టాం. మధ్య దూరం మూడు కిలోమీటర్లు ఉంటుందేమో. ట్రాక్టర్ నాదే, ఫైనాన్స్ మీద తీసుకుని ఏడాది దాటింది.

నాలుగో రోజు రాత్రి ఎనిమిదిన్నరకి లాకుల దగ్గర ఆపారంట. ఆపింది రెవెన్యూ వాళ్ళు, వెనకాల ఒక కానిస్టేబుల్. పర్మిట్ ఏదిరా అంటే మా డ్రైవర్ "చెరువు మట్టికి పర్మిట్ ఏంటండి" అన్నాడంట. తాళం తీసేసుకుని లోడుతో సహా బండిని స్టేషన్ ఆవరణలో పెట్టించారు. తెల్ల కాగితాల మీద వాడి చేత రెండు సంతకాలు పెట్టించుకున్నారు. కాపీ అడిగితే ఇవ్వలేదు.

అప్పట్నుంచీ తిరుగుతూనే ఉన్నాను. స్టేషన్ లో "మాది కాదు, రెవెన్యూ వాళ్ళు పెట్టి వెళ్ళారు" అంటారు. అక్కడికి వెళ్తే "మైన్స్ (గనుల శాఖ) వాళ్ళకి రాశాం" అంటారు. మైన్స్ వాళ్ళేమో "ఫైలు మా దాకా రాలేదు" అంటారు. మధ్యలో ఒకాయన డెబ్బై వేలు పట్టుకురా బండి ఇప్పిస్తానన్నాడు, రసీదు ఇస్తారా అంటే నవ్వి ఊరుకున్నాడు. మొన్న వాన పడ్డాక వెళ్ళి చూస్తే ట్రక్కులో మట్టి మీద తోటకూర మొలిచిందండి, జానెడు ఎత్తు. నవ్వాలో ఏడవాలో తెలియలేదు. వాయిదా మాత్రం ప్రతి నెలా ఐదో తారీఖుకి టంచనుగా వచ్చేస్తుంది.

నా డౌట్లు ఏంటంటే, సొంత చెరువు మట్టి కూడా ఖనిజం కిందకే వస్తుందా? బండిని ప్రభుత్వం శాశ్వతంగా తీసేసుకోగలదా? డబ్బు కట్టేసి వదిలించుకోవడమా, మేజిస్ట్రేట్ కోర్టుకా, హైకోర్టుకా? మూడు రోజుల్నుంచి సరిగ్గా నిద్ర లేదు, తెలిసినవాళ్ళు చెప్పండి.


ఆయ్_మాదీ_గోదారే:

అదేంటండీ, ఇసుక ఫ్రీ అన్నారు కదా, ఇంకా పర్మిట్ ఏంటి? మా ఊళ్ళో అందరూ ట్రాక్టర్ల మీద తెచ్చుకుంటున్నారు, ఎవరూ ఆపలేదే.


పాత_టిప్పర్:

బాబూ, ఫ్రీ అన్నది ఇసుకకి. 2024 జులై 8న మొదలైన పథకం అది. అందులోనూ ఫ్రీ అంటే ఇసుకకి ధర లేదని అర్థం, ఎవడిష్టం వచ్చినట్టు వాడు లారీలకెత్తుకోమని కాదు. ఈయనది మట్టి. దాని లెక్క వేరు. రెండూ కలిపేసి లాకుల దగ్గర వాదించి దొరికిపోయినవాళ్ళని నేను చాలామందిని చూశాను.

కొత్తపేట తమ్ముడూ, ఆ డెబ్బై వేలు ఇవ్వకు. నా అనుభవం చెప్తాను విను. నాకు రెండు టిప్పర్లు ఉండేవి, కడియం అవతల గ్రావెల్ తోలేవాణ్ణి. ఒకసారి పర్మిట్ ఉంది, కానీ దాని మీద టైము అయిపోయింది, ర్యాంపు దగ్గర క్యూలో లేటైంది. సీజ్ చేశారు. నేను తెలివైనవాణ్ణి అనుకుని మధ్యవర్తికి చేతిలో డబ్బు పెట్టాను, బండి తెచ్చేసుకున్నాను. ఎనిమిది నెలల తర్వాత ఇంటికి డిమాండ్ నోటీసు వచ్చింది, సీనరేజి (ఖనిజం మీద ప్రభుత్వానికి కట్టే రుసుము), దాని మీద పెనాల్టీ, అన్నీ కలిపి. అయ్యా నేను కట్టేశాను కదా అంటే చలానా ఏదన్నారు. ఎక్కడుంది చలానా? మళ్ళీ కట్టాను. అందుకే, ఏది కట్టినా ప్రభుత్వ ఖాతాలో పడే చలానా మీదే కట్టు, చలానా మీద నీ బండి నంబరు కనబడాలి.

ఇంకోటి. నీ ట్రాక్టర్ ఆర్సీ, ట్రక్కు ఆర్సీ తీసి చూసుకో. వ్యవసాయ పనులకని రిజిస్టర్ అయి ఉంటే, కిరాయికి తోలినట్టు తేలితే రవాణా శాఖ తలకాయ నొప్పి అదనం. మైనింగ్ కేసు ఒకటి, మోటారు వాహనాల చట్టం కేసు ఇంకొకటి, రెండూ వేర్వేరుగా నడుస్తాయి. ఓవర్ లోడు రాస్తే 20,000, పైన ఎక్కువైన ప్రతి టన్నుకీ 2,000. మన జనాలు మైన్స్ వాళ్ళతో తేల్చుకుని హమ్మయ్య అనుకునేలోపు ఇది వచ్చి పడుతుంది.


నల్లకోటు:

వకీలునే, కానీ మీ కాగితాలు చూడకుండా రాస్తున్నాను, అది గుర్తు పెట్టుకుని చదవండి.

ముందు ఒక గందరగోళం తీర్చేద్దాం. పేపర్లో "అక్రమంగా మట్టి తరలిస్తున్న ట్రాక్టర్ జప్తు" అని రాసేస్తారు, చదివినవాడు బండి పోయిందనుకుని హడలిపోతాడు. చట్టంలో అవి రెండు వేర్వేరు పనులు. బండిని పట్టుకుని తమ దగ్గర ఉంచుకోవడం సీజ్. బండి మీద మీ హక్కే పోయి అది ప్రభుత్వం సొత్తు అయిపోవడం కాన్ఫిస్కేషన్. 1957 నాటి గనులు, ఖనిజాల చట్టంలో మొదటి పనికి 21(4) సెక్షన్ ఉంది, ప్రభుత్వం ప్రత్యేకంగా అధికారం ఇచ్చిన ఆఫీసరు చేయవచ్చు. రెండోదానికి 21(4ఏ), అది చేయాల్సింది ఆ నేరాన్ని విచారించే కోర్టు. ఆఫీసులో కూర్చున్న ఎవరూ "నీ బండి ఇక ప్రభుత్వానిది" అని ఆర్డర్ రాయలేరు. కాబట్టి ఆ భయం ఈ పూటకి పక్కన పెట్టండి.

ఇక్కడే చాలామంది పొరపాటు పడేది రేషన్ బియ్యం కేసులతో పోల్చుకుని. నిత్యావసర వస్తువుల చట్టం కింద పట్టుకున్న లారీని కలెక్టరు 6ఏ కింద కాన్ఫిస్కేట్ చేయొచ్చు, ఆ పని నడుస్తుండగా మామూలు కోర్టులు వేలు పెట్టకుండా 6ఈ అడ్డం ఉంటుంది. అడవి కలప కేసుల్లో కూడా అటవీ అధికారికే ఆ అధికారం ఉంది. పక్కింటాయన లారీ అలా పోయింది కదా మనదీ పోతుందనుకోవడం తప్పు, చట్టం వేరు.

ఇప్పుడు మట్టి ఖనిజమా అన్న ప్రశ్న. వినడానికి వింతగా ఉంటుంది గానీ మామూలు మట్టి కూడా చిన్న తరహా ఖనిజమే, అయితే ఒక షరతు ఉంది. కేంద్రం 2000 ఫిబ్రవరి 3న ఇచ్చిన నోటిఫికేషన్ ప్రకారం గట్లు, రోడ్లు, రైలు మార్గాలు, భవనాల నిర్మాణంలో పూడ్చడానికి, చదును చేయడానికి వాడే మట్టి ఆ లిస్టులోకి వచ్చింది. అంటే మట్టి ఖనిజం అవునా కాదా అన్నది దాన్ని ఎందుకు వాడుతున్నారు అన్నదాని మీద ఆధారపడుతుంది. పుణె బిల్డర్ల కేసులో 2014 డిసెంబర్లో సుప్రీంకోర్టు ఇదే పట్టుకుంది. పునాది కోసం తవ్విన మట్టిని అదే స్థలంలో మళ్ళీ వాడుకుంటే, తవ్వారు కదా అని గుడ్డిగా రాయల్టీ వేయడం కుదరదంది. మీరు చెరువు గట్టుకే ఆ మట్టి వేసుకుని ఉంటే ఆ తీర్పు బాగా పనికొచ్చేది. ఇంటి స్థలానికి మెరక తోలారు కాబట్టి నోటిఫికేషన్ మాటలకి దాదాపు అతికినట్టు సరిపోతుంది. నిజం చెప్పాలి కదా, ఆ పాయింటు మీద మీరు బలహీనంగా ఉన్నారు. గనుల చట్టం 4(1ఏ) ప్రకారం ఖనిజాన్ని రూల్సు తప్పి రవాణా చేయడమే నేరం, తవ్వింది ఎవరి భూమిలో అన్నది దానికి అక్కర్లేదు.

బలం ఎక్కడుందంటే, పట్టుకున్న పద్ధతిలో. ఆపిన ఆఫీసరుకి 21(4) కింద అధికారం ఇచ్చిన జీవో ఏది? మధ్యవర్తుల నివేదిక (పంచనామా) రాశారా, రాస్తే మీకు కాపీ ఎందుకివ్వలేదు? పోలీసులు సీజ్ చేశామంటే వెంటనే మేజిస్ట్రేట్ కి రిపోర్టు చేయాలి, 2024 జులై 1 నుంచి సీఆర్పీసీ బదులు కొత్త బీఎన్ఎస్ఎస్ వచ్చాక సీజ్ చేసేటప్పుడు వీడియో కూడా తీయాలి, సెక్షన్ 105. పోలీసులు మాది కాదంటున్నారు, రెవెన్యూ వాళ్ళు రాశామంటున్నారు, మైన్స్ వాళ్ళు రాలేదంటున్నారు. మరి పంతొమ్మిది రోజులుగా మీ బండి ఎవరి కస్టడీలో ఉన్నట్టు? చట్టం అధికారం లేకుండా ఎవరి ఆస్తీ తీసుకోకూడదని రాజ్యాంగం 300ఏ అధికరణం. హైకోర్టుకి వెళ్తే మీ రిట్ కి ప్రాణం ఈ ప్రశ్నే.

కానీ రేపే అమరావతి బస్సెక్కకండి. ముందు ముగ్గురికీ రిజిస్టర్డ్ పోస్టులో ఒక అర్జీ పెట్టండి. ఏ సెక్షన్ కింద పట్టుకున్నారు, నివేదిక కాపీ ఇవ్వండి, కోర్టులో ప్రవేశపెట్టారా లేదా, లేకపోతే బండి వదలండి, ఇంతే, ఒక్క పేజీ. ఆ రసీదులు లేకుండా రిట్ వేస్తే "ముందు అర్జీ పెట్టుకో" అని రెండు వాక్యాల్లో ముగించి పంపించేసిన సందర్భాలు నాకే ఉన్నాయి.


లంక_రైతు:

అందరూ బండి ఎలా విడిపించుకోవాలనే చెప్తున్నారు. నాది ఇంకో వైపు బాధ, చెప్పుకోనివ్వండి.

ధవళేశ్వరం దిగువన గోదారి గౌతమి, వశిష్ట అని చీలాక మధ్యలో ఉన్న లంకల్లో మా పొలం. మూడెకరాల పది సెంట్లు ఉండేది మా తాతగారి నాటికి. ఇప్పుడు సర్వేయర్ని పెట్టి కొలిపిస్తే రెండెకరాల చిల్లర. మిగతాది ఏట్లో ఉంది. ఎక్కడ పడితే అక్కడ పొక్లెయిన్ దింపి ఇసుక తీస్తే ఏరు ఒరుసుకుంటూ ఒడ్డు మీదకొస్తుంది, అరటి తోట గెలలతో సహా జారిపోవడం నేను కళ్ళారా చూశాను. రాత్రి పదకొండింటికి మొదలవుతాయి ట్రాక్టర్లు, ఏటిగట్టు రోడ్డు మీద తెల్లారగట్ల దాకా లైట్లే. గట్టు కుంగిపోతే వరదకి ఎవరు జవాబు చెప్తారు? ఫోను చేసి చెప్తే ఒక బండి పట్టుకుంటారు, మూడో రోజుకి అదే బండి అదే గట్టు మీద. మీరు కోర్టుల్లో సెక్షన్లు లెక్కపెట్టుకుంటూ ఉండండి.

ఎంత చిన్న క్వారీ అయినా, ఐదు హెక్టార్ల లోపుదైనా సరే, పర్యావరణ అనుమతి కావాలని 2012లోనే సుప్రీంకోర్టు దీపక్ కుమార్ కేసులో చెప్పింది. అది మాకోసం చెప్పిందే. ఆ తీర్పు పట్టుకుని తిరిగే వకీలు మాకు దొరకడు.


పాత_టిప్పర్:

బాబాయ్, నీ కోపం న్యాయమే. కానీ ఈ కుర్రాడు చేపల చెరువు మట్టి అంటున్నాడు, ఏట్లో ఇసుక కాదు కదా.


లంక_రైతు:

అందరూ చెరువు మట్టే అంటారు నాయనా.


రిటైర్డ్_రెవెన్యూ:

నేను ముప్పై రెండేళ్ళు ఆ శాఖలోనే పని చేసి దిగిపోయినవాణ్ణి కనుక లోపల ఏం జరుగుతుందో చెప్పగలను. రాత్రి పూట ఎవరో పెద్దాఫీసుకి ఫోను చేస్తారు, అక్కడి నుంచి మాకు ఫోను, మేము ఉన్నపళంగా లాకుల దగ్గరకి పరుగు. బండి దొరుకుతుంది. దాన్ని పెట్టడానికి మాకు స్థలం లేదు, స్టేషన్ కి తోలిస్తాం. తెల్లారాక మైన్స్ వారికి ఉత్తరం రాయాలి, లోడు ఎంతో కొలవాలి, ఏ గ్రామం సర్వే నంబరో తేల్చాలి. ఆలోపు ఎన్నికల డ్యూటీయో వరద డ్యూటీయో వచ్చి పడుతుంది. ఇది సమర్థించుకోవడం కాదు, ఉన్న సంగతి.

వకీలు గారి సలహాలో ఒక చిక్కు ఉంది. ఈ అబ్బాయి "ఏ సెక్షన్ కింద పట్టుకున్నారు" అని రిజిస్టర్డ్ పోస్టు పెట్టిన మర్నాడే, మామీదకు వస్తుందని భయపడి స్టేషన్ కి ఫిర్యాదు పంపుతారు, దొంగతనం సెక్షన్ తో ఎఫ్ఐఆర్ కట్టేస్తారు. ఇప్పటిదాకా జరిమానాతో పోయేది క్రిమినల్ కేసు అవుతుంది. పాస్ పోర్టు ఉంటే, కువైట్ వెళ్ళే ఆలోచన ఉంటే, మన కోనసీమ కుర్రాళ్ళలో సగం మందికి ఉంటుంది కదా, అదంతా ఆలోచించుకుని కదలండి. నా మాట వింటే మైన్స్ ఆఫీసుకి వెళ్ళి డిమాండ్ నోటీసు రాతపూర్వకంగా ఇమ్మని అడిగి, చలానా కట్టి బయటపడటమే నయం.


నల్లకోటు:

పెద్దాయన చెప్పింది అనుభవం మీద చెప్పిన మాట, కొట్టిపారేయను. కానీ రెండు విషయాలు.

డబ్బు కడితే కేసు పోతుందన్న నమ్మకం సగమే నిజం. 23ఏ కింద కాంపౌండ్ చేసుకుంటే, అంటే డబ్బు కట్టి రాజీ పడితే, గనుల చట్టం కింద మళ్ళీ ప్రాసిక్యూట్ చేయరు. దొంగతనం సెక్షన్ మాత్రం దానితో చావదు. 2020 డిసెంబర్లో జయంత్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పేసింది. అది మధ్యప్రదేశ్ కేసు, బండ్ల వాళ్ళు గనుల శాఖకి జరిమానా కట్టేసి ఇంటికి వెళ్ళిపోయారు, పేపర్లో వార్త చదివిన మేజిస్ట్రేట్ తనంతట తానే కేసు కట్టమన్నారు. అంతకుముందు 2014లో ఢిల్లీ ప్రభుత్వం వర్సెస్ సంజయ్ కేసులో, ఏట్లో ఇసుక ఎత్తుకుపోతే పోలీసులు మామూలు దొంగతనం కేసు పెట్టుకోవచ్చు అన్నారు. గనుల చట్టం 22వ సెక్షన్ ప్రకారం అధికారం ఉన్న ఆఫీసరు రాతపూర్వకంగా ఫిర్యాదు ఇస్తే తప్ప కోర్టు విచారణకు తీసుకోకూడదు, ఆ అడ్డం దొంగతనం సెక్షన్ కి వర్తించదు. అప్పటి ఐపీసీ 379 ఇప్పుడు దాని బదులొచ్చిన బీఎన్ఎస్ లో 303(2).

అయితే మీ కేసులో దొంగతనం నిలబడటం కష్టం. దొంగతనం అంటే ఇంకొకరి స్వాధీనంలో ఉన్నది వాళ్ళ ఒప్పుదల లేకుండా తీయాలి. సంజయ్ కేసు ప్రభుత్వ భూముల సంగతి, నదీ గర్భం సంగతి. మీది జిరాయితీ. 2013లో కేరళ రైతుల కేసు ఒకటుంది, త్రేసియమ్మ జేకబ్ అని, భూమి కింద ఉన్న ఖనిజమంతా దానంతటదే ప్రభుత్వానిది అయిపోదు, ప్రత్యేకంగా చట్టం చేసి తీసుకుంటే తప్ప భూమి యజమానిదే అన్నారు. నీ సొంత మట్టిని నువ్వే దొంగిలించావంటే కోర్టులో వినడానికే బాగోదు. ఇక్కడ ఒకటి చూసుకోండి, లంకల పక్కన చాలా చెరువులు కాగితంలో జిరాయితీ, నేల మీద సగం ఏటి పోరంబోకులో ఉంటాయి. మీది అలాంటిదైతే ఈ వాదన మొత్తం తలకిందులవుతుంది. ఎఫ్ఎంబీ (సర్వే కొలతల పటం) తీయించి కొలతలు సరిచూసుకున్నాకే నోరు విప్పండి.

ఇంక ఎఫ్ఐఆర్ భయం గురించి. పెద్దాయనకి నచ్చకపోవచ్చు గానీ, ఎఫ్ఐఆర్ కడితే ఒక రకంగా బండికి మంచిదే. ఎందుకంటే అప్పుడు బండి కోర్టు పరిధిలోకి వస్తుంది. సుందర్ భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసు, 2002, ప్రతి మేజిస్ట్రేట్ కోర్టులో రోజూ వినబడే పేరు. బండ్లని స్టేషన్లలో ఎండకీ వానకీ నెలల తరబడి వదిలేయడం ఎవరికీ ఉపయోగం లేదు, ఫొటోలు తీసి, బాండు రాయించుకుని వదిలేయండి, పదిహేను రోజుల నుంచి నెల దాటనివ్వకండి అన్నారు. బీఎన్ఎస్ఎస్ 497 ఇంకొంచెం బిగించింది, వస్తువు కోర్టు ముందుకు వచ్చాక 14 రోజుల్లో వివరాల పట్టిక రాయాలి, ఫొటోనో వీడియోనో తీయాలి, ఆ పట్టిక తయారయ్యాక 30 రోజుల్లో ఏం చేయాలో ఆర్డర్ వేయాలి. ఇప్పుడు మీ బండి ఏ కోర్టు లెక్కలోనూ లేదు. అది ఎఫ్ఐఆర్ కన్నా ప్రమాదం.


కొత్తపేట_కుర్రోడు:

అందరికీ చాలా థాంక్సండి. ఒక విషయం పోస్టులో రాయలేదు, రాయాల్సింది. చిన్నాన్న స్థలానికి సరిపడా తోలాక మట్టి ఇంకా మిగిలింది. పక్కూరి లేఅవుట్ వాళ్ళు అడిగితే ఒక పది లోడ్లు ఇచ్చాను. ఊరికే ఇవ్వలేదు, లోడుకి ఇంత అని తీసుకున్నాను. పట్టుకున్న రోజు ఆ లోడు వెళ్తున్నది కూడా లేఅవుట్ కే. డ్రైవర్ భయపడి అదే చెప్పేశాడంట. చెరువు మాత్రం పూర్తిగా జిరాయితీ, దాంట్లో అబద్ధం లేదు, ఎఫ్ఎంబీ కూడా తీయించాను.


లంక_రైతు:

చెప్పానా.


నల్లకోటు:

ఈ ముక్క మొదటి రోజే రాసి ఉంటే నాకు ఒక గంట టైపింగు తగ్గేది. సరే. వకీలు దగ్గర దాచొద్దు, ఇక్కడ దాచినా పర్లేదు. అర్జీలో గానీ అఫిడవిట్ లో గానీ "కేవలం సొంత అవసరానికి" అని రాశారంటే అయిపోయారు, డ్రైవర్ స్టేట్ మెంటు తీసి ముందు పెడతారు, జడ్జిగారు ఇక మీరు చెప్పే మిగతాది కూడా నమ్మరు. జిరాయితీ భూమి, చెరువు పూడిక మట్టి, పర్మిట్ తీసుకోలేదు, అంతవరకు నిజం చెప్పి సీజ్ చేసిన పద్ధతి మీద మాత్రమే పోరాడండి. అమ్మారు కాబట్టి సీనరేజి, పెనాల్టీ కట్టాల్సి రావచ్చు, దానికి సిద్ధంగా ఉండండి. నోటీసు ఇచ్చి, మీ జవాబు విన్నాకే ఆ లెక్క తేల్చాలి, నోటి లెక్క కాదు. ఎన్ని క్యూబిక్ మీటర్లు అని రాశారో చూడండి, చెరువు మొత్తం గొయ్యి కొలిచి అంతా అమ్మేసినట్టు రాసేస్తుంటారు, మీరు గట్టుకి ఏమైనా వేసుకుని ఉంటే అది తీసేయమని అడగాలి.


పాత_టిప్పర్:

లేఅవుట్ వాళ్ళు ఇప్పుడు ఫోన్ ఎత్తుతున్నారా తమ్ముడూ?


కొత్తపేట_కుర్రోడు:

ఎత్తట్లేదండి.


కొత్తపేట_కుర్రోడు (ఐదు వారాల తర్వాత):

ఎవరైనా ఇలాంటి గొడవలో ఉండి వెతుక్కుంటూ వస్తారని రాస్తున్నాను. అర్జీలు మూడూ రిజిస్టర్డ్ పోస్టులో పెట్టాను. రిటైర్డ్ సార్ చెప్పినట్టే జరిగింది, ఐదో రోజుకి ఎఫ్ఐఆర్ కట్టారు, 303(2), పక్కన గనుల చట్టం 21. ఆ రాత్రి ఇంట్లో అమ్మ అన్నం తినలేదు. వకీలు గారు చెప్పింది కూడా జరిగింది, బండి పేపర్లు కోర్టుకి వెళ్ళాయి, మేజిస్ట్రేట్ గారి దగ్గర 497 కింద పిటిషన్ వేశాం. ఆర్సీ నా పేరున ఉంది కాబట్టి నేనే వేయాలన్నారు, డ్రైవర్ పేరు మీద వేస్తే తిప్పి పంపేవారంట. ఫైనాన్స్ వాళ్ళ లెటర్ కూడా జత చేయమన్నారు, ఆ ఒక్క లెటర్ కోసం నాలుగు రోజులు రాజమండ్రి చుట్టూ తిరిగాను. రెండు వాయిదాలకి ఆర్డర్ వచ్చింది. బాండు, ఒక షూరిటీ, నాలుగు వైపులా ఫొటోలు, కేసు తేలేదాకా అమ్మకూడదు, రంగు మార్చకూడదు, పిలిచినప్పుడు తీసుకురావాలి. హైకోర్టు దాకా పోలేదు. దొంగతనం సెక్షన్ కొట్టేయమని తర్వాత వేద్దామంటున్నారు మా లాయరు గారు, ఇప్పుడు ఫీజుకి డబ్బుల్లేవు, చూద్దాం. మైన్స్ వాళ్ళ నోటీసు ఇంకా రాలేదు.


పాత_టిప్పర్:

శుభం. బండి ఎలా ఉంది? బ్యాటరీ చూసుకున్నావా?


కొత్తపేట_కుర్రోడు:

బ్యాటరీ లేదండి. టూల్ బాక్స్ కూడా ఖాళీ. ముందు టైరు ఒకటి పూర్తిగా దిగిపోయి ఉంది, వేరే బ్యాటరీ పట్టుకెళ్ళి పెట్టుకుని తెచ్చుకున్నాం.


నల్లకోటు:

తీసుకునేటప్పుడు ఇచ్చిన రసీదులో అవి రాయించారా?


కొత్తపేట_కుర్రోడు:

రాయించానండి, మొదట రాయనన్నారు, అక్కడే కూర్చుంటే రాశారు. మట్టి మాత్రం వదల్లేదు, అది కేసు ప్రాపర్టీ అంట, స్టేషన్ ప్రహరీ పక్కన దింపించారు. తోటకూర అలాగే ఉంది. నిన్న షూరిటీ కాగితం ఇవ్వడానికి వెళ్తే సగం కోసేసి ఉందండి, ఎవరు కోసుకున్నారో అడగలేదు.